కోళ్ళ ఫారము – పొరుగిల్లు

కోలారు గనులు 2001లో మూతపడినవి. ఆనాటి నుండి బంగారుపేట చుట్టుపట్ల పల్లెలకు పాలు, పట్టు, మామిడి, టమాటలే బంగారము. వాటి సరసన కోళ్ళ ఫారాలు కూడ చేరినవి. వాన ముఖం చాటేసి రాగి చేను ఎండిపోయిన యేడు కోళ్ళే సంసారాన్ని నిలబెట్టిన ఇళ్ళు లేకపోలేదు. కనుక ఫారాలు వద్దనుట మా ఉద్దేశం కాదు. ఎక్కడ కట్టాలి, కట్టేముందు ఎవరిని అడగాలి అన్నదే మా ప్రశ్న.

గుడ్లు పెట్టే కోడి దినానికి సుమారు 100 గ్రాముల రెట్ట వేస్తుంది. 10,000 కోళ్ళున్నచోట అది దినానికి ఒక టన్ను. ఎండిన రెట్టతో ఎవరికీ పేచీ లేదు. ఎరువుగా అమ్ముడుపోతుంది. చిక్కంతా తడితోనే. నీటి గొట్టం కారినా, చూరు కిందనుండి వానజల్లు కొట్టినా రెట్ట మెత్తబడుతుంది. ముక్కులు మండే అమ్మోనియా వాసన లేస్తుంది. ఈగ వచ్చి గుడ్లు పెడుతుంది. ఎండలు ముదిరితే వారం పది దినాలలో ఆ గుడ్లన్నీ ఈగలే. వాటికి ఫారం గట్టు ఎక్కడున్నదో తెలియదు కదా! పొరుగింటి అన్నం గిన్నెమీద వాలుతవి. చుట్టాలకు విస్తరి వేయడానికి సిగ్గుపడే ఇల్లాలి కష్టం ఏ దరఖాస్తులోనూ పూర్తిగా ఇమడదు.

కంటికి కానరాని నష్టం మరొకటి ఉన్నది. రెట్ట కుప్పమీద పడిన వాన కొంత చెరువులోకి పోతుంది, కొంత నేలలోకి ఇంకి నైట్రేటుగా బావినీటిలో కలుస్తుంది. అటువంటి నీటితో డబ్బాపాలు కలిపి పట్టితే పసిబిడ్డకు ప్రాణగండం. మన జిల్లాకు జీవనది లేదు. పాలారు పేరుకే ఏరు. 2018 నుండి బెంగుళూరు మురుగునీటిని శుద్ధిచేసి కోరమంగల–చల్లఘట్ట లోయ పథకం ద్వారా మన చెరువులకు పంపుతున్నారంటే నీటికి ఎంత కటకటో వేరే చెప్పాలా? ఈ నేలలో ఒక బోరు చెడిపోతే ఇంకొకటి వేసుకోమనుట తేలిక మాట కాదు.

మరి చట్టం? 1974 నాటి నీటి చట్టం, 1981 నాటి గాలి చట్టం ఉండనే ఉన్నవి. అయినా లక్ష కోళ్ళలోపు ఫారాలకు మినహాయింపు ఉండేది. 2020 సెప్టెంబరులో జాతీయ హరిత ట్రిబ్యునల్ దానిని మళ్ళీ పరిశీలించమని, లేనిచో 5,000 కోళ్ళు దాటిన ఫారాలన్నిటికీ 2021 జనవరి నుండి కాలుష్య మండలి అనుమతి వర్తింపజేయమని ఆదేశించింది. పాడి ఫారాలకు, గోశాలలకు కేంద్ర మండలి నియమాలు కూడ ఆ యేడే వెలువడినవి. సంతోషమే. అయితే 4,900 కోళ్ళ మాటేమిటి? ఈగలు తలలు లెక్కపెట్టి పుట్టవు.

అక్కడ దిక్కు గ్రామ పంచాయతియే. మన రాష్ట్రపు 1993 నాటి పంచాయతి చట్టంలో కట్టడాలకు అనుమతి, దుర్వాసనా అపాయమూ కలిగించే వృత్తులకు లైసెన్సు అనే అధికారాలున్నవి. వాటిని వాడవలసినది పునాది తీయకముందు. బ్యాంకు అప్పు తెచ్చి, కప్పు వేసి, కోడిపిల్లలను దించిన తరువాత మూసెయ్యమంటే ఆ రైతు ఏమైపోవాలి? ముయ్యకుంటే పొరుగువారేమైపోవాలి? అప్పుడు మిగిలేది మేజిస్ట్రేటు దగ్గరి ఉపద్రవ నివారణ దావా; పాత 133వ సెక్షను, 2024 జూలై నుండి కొత్త సంహితలో 152. ఏండ్లు పూండ్లు పట్టే తగవు అది. దాయాదుల పాత పగలు ఈగల పేరుతో కోర్టు కెక్కడమూ కద్దు!

ఈ తగవు మనది మాత్రమే కాదు. 1610లో ఇంగ్లండున ఒకాయన పొరుగింటి పక్కనే పందులదొడ్డి కట్టినాడు. పందుల వాసన ఓర్వలేనంత సుకుమారమైన ముక్కు ఎవరికీ ఉండరాదని ఆయన వాదన. న్యాయమూర్తులు ఒప్పుకోలేదు, ఇంటిలోని మంచి గాలి ఇంటివాని హక్కే అన్నారు. మన సుప్రీంకోర్టు 1980లో రత్లాం మురుగుకాలువల కేసులో, డబ్బు లేదనే సాకుతో పురపాలక సంఘం తన విధి తప్పించుకోరాదని తీర్పు చెప్పింది. పంచాయతులు కూడ చదువుకోదగిన తీర్పు అది.

గ్రామసభలో ఫారం అర్జీ చదివిననాడు మనవాళ్ళు నాలుగు మాటలు అడగవచ్చు. గాలి ఏ దిక్కునుండి ఊరిమీదికి వీస్తుంది? తాగేనీటి బోరు ఎంత దూరం? ఎరువు దిబ్బకు గట్టి నేల, పైన కప్పు ఉన్నవా? చచ్చిన కోళ్ళను పూడ్చేది ఎక్కడ, లేక చెరువు గట్టున కుక్కల పాలు చేయడమేనా? జవాబులు పుస్తకంలో రాయించి, అర్జీదారుచేత సంతకం చేయించాలి. పక్క పొలంవారిని కూడ పిలిచి వినిపించాలి.