స్టే యుత్తరువును, రెండవ పక్షమువారి మాటయు

మన కోనసీమ గ్రామములలో ఎవనికైనను కోర్టువారు స్టే యిచ్చిరని తెలిసినంతనే, వాడు దావా గెలిచినట్లే జనులు తలంతురు. ఇది పొరపాటు. స్టే తీర్పు కాదు. తీర్పు వచ్చువరకు ఉన్న స్థితి చెడకుండ నిలుపు తాత్కాలికాజ్ఞ మాత్రమే. ఒక మనుష్యుని ఒక పని చేయవలదనుటకు ఇంజంక్షనని వకీళ్లు వేరే పేరు పెట్టుదురు గాని, మన వాడుకలో అదియు స్టేయే.

ఒక దృష్టాంతము నూహింతము. రాజోలు ప్రాంతమున ఒక రైతు కొబ్బరితోటకు నీరు పొరుగువాని పొలములోని బోదెగుండ వచ్చుచున్నది. పొరుగువాడు దానిని పూడ్చబూనెను. తోటవాడు కోర్టుకు పరుగెత్తెను. నోటీసు పంపి వేచియున్నచో ఈలోపల బోదె యుండదు. కావున న్యాయాధిపతి పొరుగువాని మాట వినకయే, పూడ్చవలదని యాజ్ఞాపింపవచ్చును. అయితే అతనికిని చెప్పుకొనదగిన మాట యుండవచ్చును గదా! ఆ బోదె తరతరములనాటిది కాదేమో. నిరుడు తానే మంచితనమున త్రవ్వనిచ్చెనేమో. దాని యూటచే తన నారుమడి కుళ్లుచున్నదేమో. అతని నెవరును అడుగలేదు. అయినను ఆజ్ఞ తెలిసిన క్షణమునుండి లోబడవలసినదే. మీరినచో ఆస్తి జప్తును, మూడు నెలలకు మించని సివిలు ఖైదును కలుగవచ్చును.

విచారింపకయే దోషియనుట తగునా యని నీకొదేము తన తోడి యధికారులను నిలదీసిన సంగతి యోహాను సువార్త 7వ అధ్యాయమున మన విద్యార్థులు చదివియే యున్నారు. 1908వ సంవత్సరపు సివిల్ ప్రొసీజర్ కోడును ఈ చిక్కును మరువలేదు. 39వ ఆర్డరు 3వ రూలు ప్రకారము నోటీసిచ్చుటయే విధి. ఆలస్యముచే దరఖాస్తు ఫలమే చెడునని తోచినప్పుడు మాత్రమే మినహాయింపు. 1976 నాటి సవరణ మరికొన్ని కట్టుబాట్లు చేర్చినది. నోటీసు లేక యాజ్ఞ యిచ్చు న్యాయాధిపతి కారణములు వ్రాయవలెను. ఆజ్ఞ పొందినవాడు దరఖాస్తు, అఫిడవిట్టు, దావా పత్రము, ఆధారపత్రములు, వీని నకళ్లను వెంటనే ఎదుటివాని కందజేయవలెను, లేదా రిజిస్టరు టపాలో పంపవలెను. అట్లు చేసితినని ఆనాడో మరునాడో ప్రమాణపత్రము దాఖలు చేయవలెను. తెలిసి యబద్ధమాడి పొందినదైనచో ఆజ్ఞ సాధారణముగా రద్దగును. ఉభయులను విని 30 దినములలో దరఖాస్తు తేల్చుటకు కోర్టు యత్నింపవలెను. ఈ 'యత్నింపవలెను' అను మాటయే నాకు బలహీనముగ దోచును. కొబ్బరిచెట్టు నెల దినములు ఓర్చును గాని నారుమడి యోర్చదు.

దావా పడునని ముందే యనుమానము గలవాడు కేవియట్ దాఖలు చేసికొనవచ్చును. 90 దినముల లోపల దరఖాస్తు వచ్చినచో కోర్టు అతనికి నోటీసీయవలెను. ఈ సదుపాయము మన రైతులలో పెక్కుమంది యెరుగరు.

హైకోర్టు రిట్టులకు నియమము మరింత గట్టిది. 1978వ సంవత్సరపు 44వ సవరణచే రాజ్యాంగము 226వ అధికరణములో మార్చబడిన 3వ ఖండము ప్రకారము, నకళ్లు ఈయక, వినక యిచ్చిన స్టేను తొలగింపుమని ఎదుటివాడు కోరినచో, రెండు వారములలో తేల్చవలెను. తేల్చనిచో స్టే తనంతట తానే పోవును.

వినుట యన్నది నిజమైన వినుటయే కావలెను. కృష్ణాజిల్లా బస్సు మార్గములను ప్రభుత్వము చేపట్టిన వ్యవహారమున ఆక్షేపణలు వినినది కార్యదర్శి, నిర్ణయించినది ముఖ్యమంత్రి. ఒకరు విని వేరొకరు నిర్ణయించుట వట్టి తంతు మాత్రమే యని సుప్రీముకోర్టు 1958లో చెప్పెను.

ఈ హక్కు స్టే పొందినవానికిని కలదు. విచారణల జాప్యమును సహింపలేక, సివిలు క్రిమినలు విచారణలపైని స్టేలు ఆరు నెలలకు వాటంతట నవే ముగియునని సుప్రీముకోర్టు 2018లో చెప్పియుండెను. 2024 ఫిబ్రవరి 29న ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము దానిని త్రోసివేసినది. తన తప్పేమియు లేకయే, కోర్టు తీరిక లేమిచే గడువు దాటినంతమాత్రమున, ఒక్కమాటయైన వినకయే వాని స్టే తొలగించుటయు అన్యాయమే యని వారి నిర్ణయము.