మందు కొట్టే డ్రోను

సూర్యాపేట జిల్లాలో పాలకీడు మండలం ఉన్నది. నాగార్జునసాగర్ ఎడమ కాల్వ నీళ్లతో అక్కడ వరి పండుతుంది. ఒకప్పుడు కోతలంటే ఊరంతా పొలాల్లోనే. తర్వాత కోత మిషను వచ్చింది. కొడవలి మూలన పడింది. ఆడవాళ్లకు కూలి పోయింది. మిషను కిరాయి డబ్బులు మాత్రం మగవాళ్ల చేతికే పోయినయి. ఎందుకు? స్టీరింగు పట్టుకోవడం ఆడవాళ్లకు ఎవరూ నేర్పలేదు గనుక.

ఇప్పుడు ఇంకో మిషను వచ్చింది. దాని పేరు డ్రోను.

డ్రోను గాలిలో ఎగిరే యంత్రం. దాని రెక్కలు ఫ్యాను లాగా గిరగిర తిరుగుతాయి. బ్యాటరీతో నడుస్తుంది. కింద మందు డబ్బా ఉంటుంది. అందులో సుమారు 10 లీటర్లు పడుతుంది. ఎకరం పొలానికి మందు కొట్టడానికి పావుగంట కూడా పట్టదు. వీపుకు పంపు కట్టుకొని కొడితే మందు ఒంటి మీద పడుతుంది. కండ్లు మండుతాయి. డ్రోను నడిపే మనిషి దూరంగా గట్టు మీద ఉంటుంది. అయినా గాలి జోరుగా ఉంటే కొట్టకూడదు. మందు పక్కవాళ్ల కూరగాయల మీద పడుతుంది. చెరువులో పడితే చేపలు చస్తాయి.

"ఎటు పోవాలో దానికెట్ల తెలుస్తది?"

డ్రోనులో చిన్న కంప్యూటరు ఉంటుంది. అది రాసిపెట్టిన మాట వింటుంది. "అన్నం వండు" అంటే ఇంట్లో పిల్లకు చాలు. యంత్రానికి చాలదు. బియ్యం కడుగు, ఎసరు పెట్టు, ఉడికినంక గంజి వంపు అని వరసగా చెప్పాలి. అట్లా రాసిందే ప్రోగ్రాము. అది రాసే భాషలు వేరే ఉన్నాయి. పైథాన్ అందులో ఒకటి. డ్రోను నడపడానికి ఆ భాష రానక్కర లేదు.

"పడిపోతే పగలదా?"

పగులుతుంది. అందుకే ముందు కంప్యూటరు తెర మీద నేర్పుతారు. తెర మీది డ్రోను ఎన్నిసార్లు పడ్డా పైసా ఖర్చు లేదు. కండ్లకు కట్టుకునే తెరలు కూడా వచ్చాయి. అవి పెట్టుకుంటే పొలం నడుమ నిలబడ్డట్టే ఉంటుంది. దాన్ని వర్చువల్ రియాలిటీ అంటారు.

2023లో కేంద్ర ప్రభుత్వం నమో డ్రోన్ దీదీ పథకం తెచ్చింది. దేశంలో 15,000 మహిళా సంఘాలకు డ్రోనులు ఇవ్వాలని నిర్ణయించింది. ధరలో 80 శాతం, 8 లక్షల రూపాయలకు మించకుండా, ప్రభుత్వం ఇస్తుందని చెప్పింది. శిక్షణ 15 రోజులు.

ఒక చిక్కు ఉన్నది. డ్రోను నడిపే సర్టిఫికెట్టుకు 18 ఏండ్లు నిండాలి, పదో తరగతి పాసు కావాలి. ఏండ్ల తరబడి పొలం చేసిన అక్కకు ఇది అన్యాయంగానే తోస్తుంది. కానీ ఓపెన్ స్కూలు ఉన్నది. అందులో 14 ఏండ్లు దాటిన ఎవరైనా పదో తరగతి పరీక్ష రాయవచ్చు. పై వయసుకు హద్దు లేదు. రోజూ బడికి పోనక్కర లేదు.

అందాకా పని లేదా? ఉన్నది. బ్యాటరీ చార్జి చేయాలి. మందు కొలిచి కలపాలి. డబ్బా మీద రాసింది చదవాలి. ఎర్ర గుర్తు ఉంటే అది చాలా విషం. ఎవరి పొలం ఎన్ని ఎకరాలు, కిరాయి ఎంత వచ్చింది, ఎంత బాకీ ఉన్నది, ఇవన్నీ సంఘం పుస్తకంలో రాయాలి.