ఆవగింజలో పదోవంతు గుల్ల చెప్పిన కథ

మన నగరం పేరు చెప్తే బయటోళ్లకి గుర్తొచ్చేది ఒకటే: 2014 జూన్ 27 తెల్లారుజామున పేలిన గ్యాసు పైపు. 20 మందికి పైగా పోయారు. అప్పట్నుంచీ నన్నో ప్రశ్న పట్టుకుంది. ఇన్ని వేల అడుగుల కింద ఏ రాయుందో వీళ్లకెలా తెలుస్తుంది? నేను కాలేజీ మెట్లెక్కినోణ్ణి కాదు. దొరికిన పుస్తకమల్లా తిరగేశాను.

తెలిసిందేంటంటే, బోరు దింపేటప్పుడు రాయి వయసు చెప్పే సాక్షుల్లో ఒకటి ఫొరామినిఫెరా. సముద్రంలో బతికే ఏకకణ జీవి. ఒంటిచుట్టూ సున్నపు గుల్ల కట్టుకుంటుంది. చచ్చాక ఆ గుల్ల బురదలో కూరుకుపోయి రాయిలో మిగిలిపోద్ది. కాలాన్నిబట్టి గుల్ల ఆకారం మారుద్ది. పాత నాణెం మీద బొమ్మ చూసి ఏ రాజు కాలందో చెప్పినట్టు, బోరులోంచొచ్చిన రాతిపొడి కడిగి, మైక్రోస్కోపులో గుల్లని చూసి వయసు చెప్తారు.

వాటిలో గుంబెలిట్రియా అనేదొకటి. ఆవగింజలో పదోవంతుంటే గొప్ప. చిన్న ద్రాక్షగుత్తిలా ఉంటుంది. 6.6 కోట్ల ఏళ్ల కిందట రాకాసిబల్లులు పోయినప్పుడు, సముద్రంలో తేలే దీని చుట్టాలు దాదాపు అన్నీ పోయాయి. ఇది మాత్రం బతికింది. ఖాళీ అయిన సముద్రంలో తెగ పెరిగింది.

దీనికీ మనకీ ఏటి సంబంధం? ఆ రోజుల్లోనే పడమటి కనుమల వైపు నుంచి లావా సుమారు 1000 కిలోమీటర్లు పారి రాజమండ్రి దాకా వచ్చింది. కాతేరు, గౌరీపట్నం క్వారీల్లో నల్లరాయి అదే. లావా పొరల మధ్య సముద్రపు మట్టుంది. 2008లో గెర్టా కెల్లర్, సునీల్ బాజ్‌పాయ్ బృందం ఆ మట్టిలో గుల్లల్ని చదివి, లావా పెద్ద విడత ఆ మహానాశనం దగ్గర్లోనే ముగిసిందని చెప్పారు. తర్వాత మన కృష్ణా-గోదావరి బేసిన్‌లో ఓఎన్‌జీసీ బోర్ల రాయినీ చూశారు. జీవాల్ని చంపింది ఆకాశం నుంచి పడ్డ ఉల్కొక్కటేనా, లావా కూడానా అని ప్రపంచంలో ఇంకా తగువే. ఆ తగువులో మన గోదారి రాయి సాక్షి.

ఆ సాక్షిని కంకర కొట్టేస్తున్నాం. క్వారీలు మూసెయ్యమనట్లేదు, కూలోళ్ల పొట్టలున్నాయక్కడ. పొరలు కనపడే గోడ ఒక్కటైనా ఉంచండి, బడిపిల్లలకి చూపించండి అంటున్నా.

మన కాళ్ల కింద నేలని కంపెనీలోళ్లు పొరపొరా చదూతున్నారు. పైనున్న మనమూ చదవాలి. చదివితేనే కదా, మా పొలంలో పైపు ఎప్పుడేశారు, ఎవరు చూస్తున్నారు అని గట్టిగా అడగ్గలం!