పిలిస్తెనే పోవాలె, గెలిస్తె ఇంటికి రావాలె: ఎల్డెన్ రింగ్‌ల సాయం ఆట

మార్గిట్ అని ఒకడుంటడు. ఎల్డెన్ రింగ్ ఆట మొదలువెట్టినోళ్లందరికి వాడెవడో ఎరికే. స్టార్మ్‌వీల్ కోటకు పోయే తోవకు అడ్డంగ, పెద్ద కట్టె వట్టుకొని నిలవడి ఉంటడు. నేను వాని చేతిల ఎన్నిసార్లు సచ్చిన్నో ఇరవై దాంక లెక్కవెట్టిన, ఆ తర్వాత ఇడిశిపెట్టిన. ఇగ నాతోని కాదనుకున్నంక, దోస్తు ఒకడు చెప్పిన వస్తువు వాడి చూసిన. నేల మీద బంగారు రంగుల రాతలు మెరిసినయ్. ఒకదాన్ని ముట్టుకున్న. జరసేపటికి ఒళ్లంత బంగారు వెలుగుతోని ఒక మనిషి నేలలకెళ్లి లేశిండు. తల వంచి దండం పెట్టిండు. ఇద్దరం కలిసి లోపటికి పోయినం, మార్గిట్‌ను పడగొట్టినం. గా మనిషి అక్కడికక్కడే మాయమైండు. తెర మీద కనవడ్డ ఉత్తుత్తి పేరు తప్ప వాని గురించి నాకేం తెల్వదు. ఏ దేశమో, ఏ భాషనో.

మన దిక్కు పోరగాళ్లకు కలిసి ఆడుడంటే స్క్వాడే. లాబీల కూసుండుడు, ఇన్వైట్ పంపుడు, మైక్ ఆన్ చేసి "భాయ్ ఎడమకు, ఎడమకు" అని ఒర్లుడు. ఫ్రీ ఫైర్, బీజీఎంఐ ఆడినోళ్లు ఎల్డెన్ రింగ్ తెరిచి "ఇన్వైట్ బటన్ ఏడుందన్నా" అని అడుగుతరు. ఇండ్ల గా బటన్ లేదు. ఆటల మైక్ కూడ లేదు. ఇక్కడి పద్ధతే వేరు. అది అర్థం గాక మస్తు మంది "ఈ ఆటల కలిసి ఆడుడే రాదు" అని వదిలేస్తున్నరు. అందుకే ఈ ముచ్చట రాస్తున్న.

ఇండ్ల ఇద్దరు ఉంటరు. ఒకడు పిలిచెటోడు, అంటే హోస్ట్. ఇంకోడు పిలిస్తే పోయెటోడు. ఆట జరిగేది ఎప్పుడైనా పిలిచినోని లోకంలనే.

పిలవాలంటే ఫర్ల్‌కాలింగ్ ఫింగర్ రెమెడీ అనే వస్తువు కావాలె. పేరు నోరు తిరగదు గని చేసుకునుడు అల్క. చర్చి ఆఫ్ ఎల్లె కాడ కూసున్న వ్యాపారి దగ్గర క్రాఫ్టింగ్ కిట్ కొనుక్కుంటే, రెండు ఎర్డ్‌లీఫ్ పూలతోని తయారైతది. అది వాడితేనే నేల మీద రాతలు, అంటే సైన్లు కనిపిస్తయ్. వాడక ముంగట మీ పక్కనే పది సైన్లు ఉన్నా మీ కంటికి ఆనవు. సచ్చిన ప్రతిసారి మళ్ల వాడాలె. కాబట్టి తొవ్వల కనవడ్డ పువ్వునల్ల తెంపి జోలెల వేసుకోండ్రి.

పోయెటోనికి ఇంత ఖర్చు లేదు. ఆట మొదట్లనే టార్నిష్డ్స్ ఫర్ల్డ్ ఫింగర్ అని ఒక వేలు దొరుకుతది. నిలవడ్డ కాడ దాన్ని వాడితే మీ పేరుతోని బంగారు సైన్ పడ్తది. ఇగ అంతే. కూసుండి ఎదురు చూసుడే. అట్ల కూసునే ఓపిక లేకపోతే స్మాల్ గోల్డెన్ ఎఫిజీ అని ఇంకోటి ఉంటది. ఆటల అక్కడక్కడ చిన్న చిన్న రాతి బొమ్మలు కనిపిస్తయ్ గద, వాటి దగ్గరికి పోయి ముట్టుకొని తెరిచి పెట్టుకుంటే, ఎఫిజీతోని మీ సైన్ ఆ చుట్టుపక్కల బొమ్మలన్నిటి కాడికి పోతది. మీరు మీ పని మీరు చేసుకోవచ్చు. పిలుపు వచ్చినప్పుడు పోవచ్చు.

ఒక్క పైలం. బంగారు రంగు సైన్ సాయానికి వచ్చెటోనిది. ఎర్ర రంగుది మీతోని కొట్లాడెటోనిది. కొత్తోళ్లు ఆగమాగంల ఎర్రదాన్ని ముట్టుకొని, వచ్చినోడు సాయం చేస్తడనుకొని దండం పెడ్తుంటే వాడు ఎనుకకెళ్లి పొడుస్తడు. నాకు గూడ అయింది.

ఇప్పుడు అసలు సంగతి. ఈ ఆట సాయాన్ని ఉత్తగ ఇయ్యది. సాయానికి పోయినోనికి బలం నింపుకునే సీసాలు సగమే ఉంటయ్. గుర్రం లెక్క వాడే టోరెంట్ ఎవలకూ రాదు, పిలిచినోనికి సుత నడకే. పిలిచినోడు తన స్పిరిట్ ఆషెస్ వాడరాదు. మనుషులు పెరిగిన కొద్ది బాస్‌కు ప్రాణం పెరుగుతది. పిలిచినోడు సచ్చిండంటే ఆట ఖతం, వచ్చినోళ్లందరు ఎవలింటికి వాళ్లు. అందుకే ముగ్గురు మంచిగ ఆడెటోళ్లున్నా, నడిమిట్ల ఉన్న పిలిచినోడు గబగబ ముంగటికి ఉరికితే అంత బూడిదల పోసిన పన్నీరే.

పోయినోడు గెలిస్తే ఏం వస్తది? కొన్ని రూన్స్ వస్తయ్, పెద్ద బాస్ అయితే రూన్ ఆర్క్ ఒకటి ఇస్తరు. గంతే. వాని లోకంల ఆ బాస్ ఇంక బతికే ఉంటడు. వాన్ని వాడు మళ్ల కొట్టుకోవాల్సిందే. సచ్చిపోతే మాత్రం పోయేదేం లేదు, వాని రూన్స్ వాని దగ్గర్నే ఉంటయ్. మనూళ్లల్ల నాట్లప్పుడు బదులుకు పోతరు గద, ఇయ్యాల మీ చేన్ల, రేపు మా చేన్ల. ఇది సుమారు అట్లనే, గని ఒక తేడా ఉన్నది. ఇండ్ల మీరు బదులు తీర్చేది మీకు సాయం చేసినోనికి కాదు, ఇంకెవనికో. మీకు చేసినోడు మీకు మళ్ల కనవడడు.

ఇది ఊరికే పెట్టిన పద్ధతి కాదు. ఈ ఆటను జపాన్‌ల ఫ్రమ్‌సాఫ్ట్‌వేర్ కంపెనీ చేసింది, 2022 ఫిబ్రవరి 25న వచ్చింది. గని ఈ సాయం పద్ధతి 2009ల వాళ్లే చేసిన డీమన్స్ సోల్స్ నుంచి నడుస్తున్నది. రెండిటి ఎనుక ఉన్న మనిషి హిదెతాక మియాజాకి. ఈ ఆలోచన ఎట్ల వచ్చిందో ఆయననే ఒక ఇంటర్వ్యూల చెప్పిండు. ఒకపారి మంచు బాగ పడి, గుట్ట ఎక్కే రోడ్డు మీద కార్లన్ని ఆగిపోయినయట. ఈయన కారు సుత జారుతున్నది. ఎనుక కార్లోళ్లు ముంగటి కార్లను నెట్టుకుంట ఒక్కొక్కటి పైకి ఎక్కించిన్రట. ఈయన కారు ఎక్కింది గని, ఆగి శుక్రియా చెప్తామంటే మళ్ల జారుతది. ఆగకుండనే ఇంటికి పోయిండు. తోవ పొడుగుత గా ఆఖరు కారోడు ఇల్లు చేరిండో లేదో, నన్ను నెట్టినోళ్లు మళ్ల కలుస్తరో లేదో అని మనసుల తిరిగిందట. మనకు మంచు తెల్వదు గని బురదల దిగవడ్డ ట్రాక్టర్ తెల్సు. తోవల పోయెటోళ్లు నలుగురు దిగి, చెప్పులు ఇడిశి, నెట్టి, కాళ్లు కడుక్కోకనే ఎవలతొవ్వ వాళ్లు పట్టుకుంటరు. బంగారు సైన్ అంటే అదే.

"సాయం తీసుకుంటే ఆట ఆడినట్టే కాదు" అని పెద్దమనుషుల లెక్క మాట్లాడెటోళ్లు నెట్ల మస్తు మంది ఉన్నరు. నేనైతే ఒప్పుకోను. సాయం తీసుకునుడు ఆట చేసినోళ్లే పెట్టిన తోవ. దాని ఖర్చు సుత వాళ్లే పెట్టిన్రు, పైన చెప్పిన. ఒంటరిగ ఆడుతనంటే ఆడుండ్రి, అదొక మజా. గని పదిహేనేండ్ల పోరడు వారం రోజులు ఒక్క బాస్ కాడ ఆగి, "నాకు ఆటలు రావు" అని కంట్రోలర్ పక్కకు పెడితే, వాన్ని గట్ల చేసింది బాస్ కాదు, ఈ మాటలే.

అటు వైపు నుంచి చూడుండ్రి. ఈ ఆటల మలేనియా అనే బాస్ ఉన్నది, కొడితే తగిలినప్పుడల్ల తన ప్రాణం తనే నింపుకుంటది. 2022ల ఒక ఆటగాడు నెత్తి మీద కుండ బోర్లించుకొని, ఒంటి మీద గోచి తప్ప ఏం లేకుండ, రెండు కత్తులు పట్టుకొని ఆమె తలుపు కాడ సైన్ పెట్టుడు షురూ చేసిండు. పేరు "లెట్ మి సోలో హర్" అని పెట్టుకున్నడు. అంటే మీరు పక్కకు నిలవడుండ్రి, నేనొక్కన్నే చూసుకుంట అని. వెయ్యి సార్లకు పైన వేరేటోళ్ల కోసం ఆమెను పడగొట్టిండు. ఆటను అమ్మే బందాయ్ నామ్కో కంపెనీ మెచ్చుకొని ఆయనకు నిజం కత్తి ఒకటి బహుమతిగ పంపింది. ఆయన సుత మొదట్ల ఆమె చేతిల మస్తు సార్లు సచ్చినోడే. పొద్దుందాక వేరేటోని లోకంల పోయి ఒక్క బాస్‌నే కొడితే దాని దెబ్బలన్ని చేతికి వస్తయ్. నేను మార్గిట్‌ను మంచిగ నేర్చుకున్నది సుత గట్లనే, గెలిచినంక పదిమంది లోకాలకు పోయి.

ఇప్పుడు తెల్సిన దోస్తుతోనే ఆడాలంటే? మా దోస్తు ఒకడు షార్జాల ఏసీ మెకానిక్. పోయి మూడేండ్లాయె. ఫోన్ల మాట్లాడితే "తిన్నవా, పైసలు వచ్చినయా" కాడనే ఆగిపోతది. సెలవు దొరికిన రోజు ఇద్దరం ఈ ఆట పెట్టుకుంటం. మనకు రాత్రి పదయితే వానికి ఎనిమిదిన్నర. మొదట్ల వాని సైన్ నాకు కనవడకపోయేది, వానిది నా కంటే చాన పెద్ద లెవెల్. ఊరికే సైన్ పెడితే మీ లెవెల్‌కు, మీ ఆయుధం బలానికి దగ్గర దగ్గర ఉన్నోళ్లకే చూపెడ్తది. దీనికి మందు పాస్‌వర్డ్. మల్టీప్లేయర్ మెనూల సెట్టింగ్స్‌కు పోతే మల్టీప్లేయర్ పాస్‌వర్డ్ అని ఉంటది. ఇద్దరు ఒకటే పెట్టాలె, ఒక్క అక్షరం తేడా ఉండొద్దు. అప్పుడు మీ ఇద్దరి సైన్లే మీకు కనవడ్తయ్, లెవెల్ అడ్డం రాదు. పెద్ద లెవెలోని బలాన్ని ఆటనే తగ్గిస్తది. దాని పక్కనే గ్రూప్ పాస్‌వర్డ్ అని ఇంకోటి ఉంటది, అది వేరే, దానితోని పిలుసుడు కాదు. మస్తు మంది ఇక్కడనే తప్పు చేస్తరు.

ఒక్కసారి లోపటికి వచ్చినంక పాత బాస్‌లు అయిపోయిన కాడ పిలుసుడు నడవదు. బాస్ సచ్చినంక దోస్తు ఎగిరిపోతడు, మళ్ల ఇంకో కాడికి పోయి మళ్ల సైన్, మళ్ల పిలుపు. నడిమిట్ల ఫాస్ట్ ట్రావెల్ చేయరాదు. ఇద్దరికి బాస్ కొట్టాలంటే రెండు సార్లు కొట్టాలె, ఒకపారి వాని లోకంల, ఒకపారి నా లోకంల. చిరాకే. గని మా ఇద్దరికి గా చిరాకే రెండు గంటలు ఎక్కువ కలిసి కూసుండెటట్టు చేస్తది, నిజం చెప్పాలంటే. ఆటల మైక్ లేదు గాబట్టి వాట్సప్ కాల్ పక్కకు పెట్టుకుందామంటే అక్కడ గల్ఫ్‌ల అది సక్కగ నడవదు. అందుకే చేతి సైగలే. ప్రాట్లింగ్ పేట్ అని రాతి తలకాయలు దొరుకుతయ్, కింద పడేస్తే "హలో" అనో "థాంక్యూ" అనో అరుస్తయ్. వాడు బాస్ ముంగట ఉత్తగనే అది పడేసి నవ్విస్తడు.

పిలిచినప్పుడు ఇంకొకడు సుత రావచ్చు, పిలవకుండ. దాడి చేసెటోడు. మీరు ఒంటరిగ ఆడేటప్పుడు వాడు రాడు, ఎవన్నన్న సాయానికి పిలిచినంకనే వాని తోవ తెరుసుకుంటది. సాయానికి ఆట కట్టిన ఇంకో ధర అది. వాడొస్తే పిలిచినోడు ఎనుకకుండాలె, వచ్చినోళ్లు ముంగట నిలవడాలె.

సామాన్ల సంగతి జల్ది చెప్త. ఇది ఫోన్ల నడిచేది కాదు. పీసీ అయితే 12 జీబీ ర్యామ్, 60 జీబీ జాగ కంపెనీనే కనీసం అడుగుతది, పాతదైనా గేమింగ్ గ్రాఫిక్స్ కార్డ్ ఉండాలె. ప్లేస్టేషన్ అయితే ఆన్‌లైన్‌కు ప్లస్ చందా వేరే కట్టాలె, పీసీల గా ఖర్చు లేదు. పీసీ ఉన్నోడు ప్లేస్టేషన్ ఉన్నోన్ని పిలవలేడు. కొనే ముంగట దోస్తు దేనిల ఆడుతున్నడో అడుగుండ్రి. ఇద్దరి నెట్ నేరుగ కలుస్తది గాబట్టి, ఒకని దగ్గర సిగ్నల్ ఊగుతుంటే ఇంకోనికి బాస్ గాల్ల ఎగురుతున్నట్టు కనవడ్తది. మా ఊర్ల ఇంట్ల కంటే డాబా మీదనే నయం.

క్రాక్ కాపీతోని ఈ సైన్లు పనిచేయయ్. ఆటను మార్చే మోడ్‌లు వేసుకొని అసలు సర్వర్‌కు పోతే ఖాతా బంద్ అయితది. 2022ల కొందరు, ఆటల అసలు లేని ఒక బట్టను హ్యాకర్లు కింద పడేస్తే ఏరుకొని, తప్పు చేయకనే నెలల తరబడి ఆన్‌లైన్ పోగొట్టుకున్నమని మొత్తుకున్నరు. అటువంటిది తెల్వని మనిషి కింద పడేస్తే ముట్టుకోకుండ్రి. అదే ఏడాది జనవరిల ఈ కంపెనీ పాత ఆటలు డార్క్ సోల్స్ పీసీ సర్వర్లను ఆపేసిన్రు, ఒకని కంప్యూటర్ల ఇంకోడు చొరవడే సందు ఉన్నదని తేలింది. డీమన్స్ సోల్స్ పాత సర్వర్లయితే 2018 ఫిబ్రవరి 28న మొత్తానికే మూసిన్రు. గా రాత్రి దాంక సైన్లు పెట్టుకుంట కూసున్నోళ్లున్నరు.

గీ చిరాకు మాకొద్దు, పొద్దుగాల నుంచే కలిసి ఆడాలంటే 2025 మే 30న వచ్చిన నైట్‌రైన్ ఉన్నది. ముగ్గురు కలిసి దిగుడు, కలిసి సచ్చుడు. మంచి ఆటనే. గని దాంట్ల నేల మీద రాత పెట్టుకొని ఎవలు పిలుస్తరో అని కూసునేది ఉండదు.

ఆడుతున్నోళ్లు మార్గిట్‌ను గెలిచినంక ఎనుకకు తిరిగి వాని తలుపు కాడికి పోయి ఒక సైన్ పెట్టుండ్రి. పిలుపు వస్తే ముందుగాల తల వంచి దండం పెట్టుండ్రి, ఉరకకుండ్రి. పిలిచినోడు సీసా తాగుతున్నప్పుడు బాస్‌ను మీ దిక్కు తిప్పుకోండ్రి. వాడు ఇరవై సార్లు సచ్చి వచ్చినోడై ఉంటడు.