‘ఊగిసలాడు’ – అర్థవిచారము

పురసవాక్కమున తెలుగు చదువుకొను బాలురు ‘ఊగిసలాడు’ అని వ్రాయవలసినచోట ‘ఊసలాడు’ అని వ్రాయుట కలదు. ఇరుగుపొరుగున వినబడు తమిళ ‘ఊశలాడు’ వారి చెవిలో నిలిచియుండును. దీనిని చూచి తెలుగుమాటయే తమిళమునుండి అరువు వచ్చినదని తలచువారు కొందరు. బాలుని మాటను వట్టి అపభ్రంశమని కొట్టివేయువారు మరికొందరు. రెండును తొందరపాటులే.

తమిళమున ‘ఊశల్’ అనగా ఉయ్యల. ఆ రెండుమాటలును తోబుట్టువులే. కన్నడమున ‘ఉయ్యాలె’, మలయాళమున ‘ఊఞ్ఞాల్’ ఆ కుదురువే. తమిళక్రియ ఈ నామమునకు ‘ఆడు’ చేరగా ఏర్పడినది. తెలుగుక్రియకు మొదటనున్నది ‘ఊగు’ ధాతువు. ‘ఊపు’, ‘ఊచు’ దాని సకర్మకరూపములు. తమిళరూపమున లేని గకారము మన మాటలో నిలిచియుండుటయే ఇది అరువుసొమ్ము కాదనుటకు గట్టి సాక్ష్యము. చివరనున్న ‘లాడు’ కూడ తెలుగుపోతయే. మాటలు ఆడుట ‘మాటలాడు’, అదియే ‘మాట్లాడు’. ‘ఊగులాడు’, ‘పెనుగులాడు’ అట్టివే. ‘ఆడు’ అనగా క్రీడ మాత్రమే కాదు, కదలికయు. ఊపిరి ఆడుననుటలో క్రీడ యెక్కడిది?

ఇక అర్థము. ‘మారు’ అన్నది జరిగి ముగియు మార్పు. ‘జంకు’టకు భయము కావలెను. ‘వెనుకాడు’ ఒక్కవైపునకే పోవును. ‘ఊగిసలాడు’టకో, రెండు కొనలుండవలెను, ఒకదానిని చేరబోవుచునే రెండవదానికి మరలవలెను. ‘పోవుదునా, మానుదునా’ అనువాడు ఊగిసలాడును. పోవుటకే మనసొప్పనివాడు వెనుకాడును. ఈ రెండింటిని పర్యాయపదములుగా బోధించుట తగదు. చిత్తమును ఉయ్యలతో పోల్చుట ద్రావిడభాషల సొత్తు మాత్రమే కాదు. సంస్కృత ‘డోల’ నుండి ‘డోలాయమానము’ వచ్చినది; ‘ఆందోళనము’నకు సైతము తొలియర్థము ఊగుటయే. నేడు ‘ఆందోళన’ అనగానే ఊరేగింపులును నినాదములును తోచుట వేరుకథ.

ఇట్టి ధాతువిచారము ఈ పట్టణమునకు కొత్తది కాదు. 1812లో వెలసిన సెయింటు జార్జికోట కళాశాలకు మూలపురుషుడైన ఎల్లిసుదొర, 1816లో కాంబెల్ తెలుగువ్యాకరణమునకు వ్రాసిన పీఠికాభాగమున, తెలుగు తమిళ కన్నడ ధాతువులను ప్రక్కప్రక్కనుంచి అవి యొక్క కుటుంబమువని చూపెను. కాల్డ్వెల్ గ్రంథము 1856 నాటిది. అప్పటికి నలువదియేండ్లు గడచినవి.

తమిళమును నిర్బంధముగా నేర్పవలెనను 2006 నాటి చట్టము పిమ్మట, అల్పసంఖ్యాకభాషా పాఠశాలల బాలురకు రెండు రూపములును తరగతిలోనే ఎదురుపడు అవకాశము హెచ్చినది. కనుక ‘ఊసలాడు’ను ఎఱ్ఱసిరాతో కొట్టివేసి ఊరకుండుటకంటె, నల్లబల్లపై ‘ఊశల్ – ఉయ్యల’ ఒకప్రక్కను, ‘ఊగు – ఊపు – ఊచు’ వేరొకప్రక్కను వ్రాసి, అతని మాటలో జారిపోయిన ‘గి’ ఎక్కడిదో చూపవచ్చును.