వర్తకుని లైసెన్సు రద్దు చేయుటకు ముందు

తొలకరి పడగానే జూపాడు బంగ్లా చుట్టుపట్ల రైతులు విత్తనముల కొరకు, ఎరువుల కొరకు అంగళ్ళ వెంట తిరుగుట ఏటేటా ఉన్నదే. పోతిరెడ్డిపాడు తూములు ఎత్తినారని తెలిసిన తరువాత ఈ తొందర మరింత హెచ్చును. సంచికి చీటీ ఉన్నదా, వర్తకుడు బిల్లు ఇచ్చినాడా అని చూచు ఓపిక అప్పుడు ఎవరికి ఉండును? మొలక రానప్పుడు గాని ఆ సంగతి జ్ఞాపకము రాదు. అప్పుడు పదిమంది కూడి వ్యవసాయ కార్యాలయమునకు పోయి, "అయ్యా, వాని లైసెన్సు ఈ సాయంత్రమే తీసివేయండి" అని పట్టుపట్టుదురు.

రైతు కోపము సహేతుకమే. అయితే ఆ సాయంత్రమే చేసిన రద్దు ఎన్నాళ్ళు నిలుచును అన్నది ఆలోచింపవలసిన విషయము.

విత్తన వ్యాపారమునకు లైసెన్సు 1983 నాటి విత్తనముల నియంత్రణ ఉత్తరువు క్రింద ఇయ్యబడును. దానిని రద్దు చేయుటకు ఆ ఉత్తరువులో రెండే కారణములు ఉన్నవి. అబద్ధపు వివరములు చూపి లైసెన్సు పొందుట ఒకటి. ఉత్తరువును గాని లైసెన్సు షరతులను గాని మీరుట రెండవది. ఈ రెంటిలో ఏది జరిగినను, వర్తకునికి తన మాట చెప్పుకొను అవకాశము ఇచ్చిన పిమ్మటనే రద్దు చేయవలెను. రద్దయిన వర్తకుడు 60 రోజులలో అప్పీలు చేసికొనవచ్చును. అతని మాట వినకుండ చేసిన రద్దు అప్పీలులోనో హైకోర్టులోనో కొట్టివేయబడును. అతడు మరల అంగడి తెరచి, "చూచితిరా, నా తప్పు ఏమియు లేదు" అని మీ యెదుటనే చెప్పుకొనును. నిజమునకు అతని తప్పు ఉన్నదా లేదా అన్నది అంతవరకు ఎవరును విచారించియే ఉండరు!

అట్లని విచారణ ముగియువరకు చెడు విత్తనము అమ్ముడుపోవలసినదేనా? కాదు. 1966 నాటి విత్తనముల చట్టము ప్రకారము విత్తన ఇన్‌స్పెక్టరు అనుమానమున్న సరుకును 30 రోజులకు మించకుండ అమ్మరాదని వ్రాతమూలముగా ఆజ్ఞ ఇయ్యవచ్చును. అంగడి మొత్తము మూయకయే ఆ ఒక్క సరుకు ఆగిపోవును. ఊరిలో ఉన్నది ఒకే అంగడి అయినచో ఇది ఎంత మేలో పైరుకు అదనులో యూరియా దొరకని రైతును అడుగవలెను. నమూనా తీయునప్పుడు మూడు భాగములు చేయవలెను. ఒకటి వర్తకునికి, ఒకటి పరీక్షశాలకు, మూడవది ఇన్‌స్పెక్టరు వద్ద భద్రముగా ఉండవలెను. వర్తకుని భాగము వర్తకునికి ఇయ్యక అన్నియు మూటకట్టి తీసికొనిపోయిన కేసు మొదటి దినముననే సగము ఓడిపోయినదని గ్రామోద్యోగులు గుర్తుంచుకొనవలెను.

ఎరువుల విషయములో కొంచెము భేదము కలదు. 1985 నాటి ఎరువుల నియంత్రణ ఉత్తరువు ప్రకారము, రుజువైనచో రద్దుకు తగిన తప్పు అయినప్పుడు ముందు నోటీసు లేకయే లైసెన్సును తాత్కాలికముగా నిలిపివేయవచ్చును. కాని ఆరోపణ వివరములు వెంటనే వర్తకునికి తెలిపి, అతని సమాధానము విని, 15 రోజులలో తుది ఉత్తరువు చేయవలెను. ఆ గడువు దాటినచో నిలుపుదల తనంతట తానే తొలగిపోవును. పదునారవ దినమున అంగడి తెరచుకొన్నదని అధికారిని నిందించుటకు ముందు, మీ వాంగ్మూలము ఎన్నవ దినమున ఇచ్చినారో లెక్క చూచుకొనుడు.

వినుట అనగా ఏమి? ఈ విషయమును మన రాష్ట్రపు కేసే దేశమునకంతటికి తెలియజెప్పినది. కృష్ణా జిల్లాలో ప్రైవేటు బస్సులను ప్రభుత్వము తీసికొనదలచినప్పుడు బస్సు యజమానుల అభ్యంతరములను రవాణా వ్యవహారములు చూచు కార్యదర్శి విన్నారు. నిర్ణయము మాత్రము ముఖ్యమంత్రి చేసినారు. గుల్లపల్లి నాగేశ్వరరావు కేసు అని ప్రసిద్ధమైన ఈ వ్యాజ్యములో 1958లో సుప్రీంకోర్టు ఆ ఉత్తరువును కొట్టివేసినది. తీర్పు వ్రాసినవారు తెలుగువారైన జస్టిస్ కోకా సుబ్బారావు గారు. విన్నవారొకరు, తేల్చినవారొకరు అయినచో వినుట వట్టి తంతు అగునని, తన శాఖ తెచ్చిన పథకము మీద ఆ శాఖవారే విచారణ జరుపుట తగదని వారి అభిప్రాయము. పిమ్మట జరిగినది కూడ తెలిసికొనవలెను. రెండవసారి ముఖ్యమంత్రియే స్వయముగా విని నిర్ణయించగా, 1959లో అదే కోర్టు దానిని నిలిపినది. బస్సులు ఎట్లును పోయినవి. సక్రమముగా వినుట వలన తప్పు చేసినవాడు తప్పించుకొనునను భయము అక్కరలేదని దీనినిబట్టి తెలియుచున్నది.

కనుక నోటీసులో ఏ తేదీన, ఏ లాటు సరుకు, ఏ షరతు మీరినారో ఉండవలెను. "అక్రమములు జరిగినట్లు తెలియవచ్చినది" అను ఒక్క వాక్యముతో సరిపెట్టరాదు. దానికి ఏమని జవాబు చెప్పవలెను? పరీక్షశాల నివేదిక మీద ఆధారపడినచో దాని నకలు ఇయ్యవలెను. తుది ఉత్తరువులో కారణములు వ్రాయవలెను. ఉత్తరువులో లేని కారణములను తరువాత కోర్టులో అతికించుటకు వీలులేదని 1977లో మొహీందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పినది.

ఇంకొక మాట. లైసెన్సు రద్దయినంత మాత్రమున మీ నష్టము తీరదు. పరిహారమునకు వినియోగదారుల కమిషన్‌కు వేరుగా అర్జీ పెట్టవలెను. నేషనల్ సీడ్స్ కార్పొరేషన్ మీద ఆంధ్రప్రదేశ్ రైతులు నడిపిన వ్యాజ్యములో 2012లో సుప్రీంకోర్టు రైతు కూడ వినియోగదారుడేనని తేల్చినది. కొన్న విత్తనమంతయు చల్లుకొను రైతు పరీక్షకని కొంత దాచియుంచవలెనని ఆశింపరాదని కూడ చెప్పినది. అయినను బిల్లు, ఖాళీ సంచి, దాని చీటీ పారవేయకుడు. మొలక రాని మడిని దున్నివేయుటకు ముందు వ్యవసాయ సహాయకుని పిలిచి చూపించి, తేదీతో వ్రాయించుకొనుడు. విచారణ దినమున వర్తకుడు "ఆ సంచి మా అంగడిది కాదు" అన్నచో, బిల్లు మీది లాటు నంబరు, చీటీ మీది నంబరు ఒకటేనని చూపుటకు అవే కావలసివచ్చును.