కదిరి నీటిలో పటిక, సున్నం

40 లీటర్ల బకెట్, మడ్డి కలవకుండా అడుగుకు కాస్త ఎగువన ఒక కుళాయి, పటిక ద్రావణం, కొద్దిగా సున్నం, అంతకంటే తక్కువ బ్లీచింగ్ పౌడర్. ఫ్లోరైడ్ నీటిని ఇంట్లోనే శుద్ధి చేసే నల్లగొండ పద్ధతికి కావలసిన సామాను ఇంతే. నాగపూర్‌లోని ‘నీరి’ సంస్థలో రూపొందిన ఈ పద్ధతిని నవలఖే, కులకర్ణి, పాఠక్, బులుసు 1975లో వివరంగా ప్రచురించారు. పేరు నల్లగొండదే అయినా, పట్టణానికి సరిపడా నీరిచ్చే తొలి ప్లాంట్లలో ఒకటి 1980 ప్రాంతంలో అనంతపురం జిల్లా కదిరిలో లేచింది. కదిరి ఇప్పుడు శ్రీ సత్యసాయి జిల్లాలో ఉంది.

అంతకు నాలుగు దశాబ్దాల ముందే, 1937లో, షార్ట్, పండిట్, రాఘవాచారి అప్పటి నెల్లూరు జిల్లా పల్లెల్లో ఫ్లోరైడ్ తెచ్చే జబ్బును గుర్తించి మద్రాసు ప్రెసిడెన్సీలో ఫ్లోరోసిస్ ఉందని లోకానికి చెప్పారు. గారపట్టిన పళ్లు, బిగుసుకుపోయిన వెన్ను, ముందుకు వంగిన నడుము. ఇవన్నీ బావి నీటి వల్లేనని అప్పుడు తేలింది.

మన ఎముకలో గట్టిదనానికి మూలం హైడ్రాక్సీ అపటైట్. 5 కాల్షియంలు, 3 ఫాస్ఫేట్లు, 1 హైడ్రాక్సిల్: ఇదే దాని సూత్రం. హైడ్రాక్సిల్‌కూ ఫ్లోరైడ్‌కూ పరిమాణం దాదాపు ఒకటే, విద్యుదావేశమూ ఒకటే. అందుకే ఫ్లోరైడ్ సులువుగా ఆ చోటు ఆక్రమిస్తుంది. అలా తయారైన ఫ్లోర్ అపటైట్ ఆమ్లానికి అంత త్వరగా కరగదు. టూత్‌పేస్టులో ఫ్లోరైడ్ కలిపేది ఈ మేలు కోసమే. మోతాదు మించిన ఫ్లోరైడ్ ఉన్న నీటిని ఏళ్ల తరబడి తాగితే మాత్రం ఎముక అడ్డదిడ్డంగా పెరుగుతుంది, వెన్నెముకను పట్టి ఉంచే బంధనాలు గట్టిపడిపోతాయి. ఎముకకున్న ఈ ఆకర్షణనే ఆధారం చేసుకుని ఎముకల బొగ్గుతో నీటిని వడకట్టే పద్ధతి కూడా ఉంది. మన ఊళ్లలో తాగునీటిని ఎముకల మీదుగా పంపుతామంటే ఒప్పుకునేవారు అరుదు.

అనంతపురం మెట్ట కింద గ్రానైటు, నీసు రాళ్లున్నాయి. వాటిలోని ఫ్లోరైట్, అపటైట్, నల్ల అభ్రకం నుంచి ఫ్లోరైడ్ నీటిలోకి దిగుతుంది. రాతిని మించిన కారణం కరువు. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన పడే ఈ నేలలో నీరు ఆవిరైపోతూ, తనలోని కాల్షియాన్ని సుద్దగడ్డలుగా మట్టిలోనే వదిలేస్తుంది. ఫ్లోరైడ్‌ను కట్టి ఉంచగలిగేది కాల్షియమే. అది నీటిలో తగ్గేకొద్దీ ఫ్లోరైడ్‌కు అడ్డు ఉండదు. బోరు నీరు నోటికి మెత్తగా, సోడా రుచితో ఉన్నచోట నేనైతే ముందు ఫ్లోరైడ్ పరీక్ష చేయించమంటాను.

అలాగైతే సున్నం కలిపితే చాలదా? చాలదు. కాల్షియం ఫ్లోరైడ్ లీటరు నీటిలో దాదాపు 16 మిల్లీగ్రాములు కరుగుతుంది. అందులో సగం ఫ్లోరైడే, అంటే 7, 8 మిల్లీగ్రాములు. తాగునీటిలో ఉండదగినది 1 మిల్లీగ్రాము, వేరే దారి లేనప్పుడు 1.5. ఇక్కడి బోర్లలో తరచూ కనిపించే 3, 4 మిల్లీగ్రాములను సున్నం కదిలించలేదు. ఆ పని పటికది. అందులోని అల్యూమినియం విరిగిన పాలలా తెల్లని తునకలు కట్టి, ఫ్లోరైడ్‌ను పట్టుకుని అడుగుకు దిగుతుంది. పటిక వల్ల నీటికి వచ్చే ఆమ్లగుణాన్ని సరిచేసి, తునకలు త్వరగా పేరుకునేలా చూసేది సున్నం. పది, ఇరవై నిమిషాలు మెల్లగా కలిపి, ఒక గంట తేరనివ్వాలి.

బ్లీచింగ్ పౌడర్ పని క్రిములను చంపడం. పొడి సున్నం మీదుగా క్లోరిన్ పంపి దీన్ని తయారుచేసే పద్ధతికి 1799లో గ్లాస్గోలో పేటెంటు వచ్చింది. క్లోరైడ్, ఫ్లోరైడ్ ఒకే కుటుంబానివి. అయినా కాల్షియం క్లోరైడ్ లీటరు నీటిలో 700 గ్రాములకు పైగా కరుగుతుంది, గాలిలోని తేమకే నీరుగారిపోతుంది. క్లోరైడ్ వల్ల ఉప్పగా ఉన్న నీటిని నల్లగొండ పద్ధతి మంచినీరు చేయలేదు.

రసాయనం సరైనదే. కష్టం నిర్వహణలో వచ్చింది. పటిక మోతాదు ఫ్లోరైడ్‌ను బట్టే కాదు, నీటి క్షారతను బట్టి కూడా మారుతుంది. లీటరుకు వందల మిల్లీగ్రాములు పడుతుంది. తక్కువ వేస్తే ఫ్లోరైడ్ మిగులుతుంది, మోతాదు తప్పితే అల్యూమినియం మిగులుతుంది. రోజూ కొలిచే మనిషి, కరెంటు, మడ్డి పారబోసే చోటు, అన్నీ కావాలి. పంచాయతీ చేతికి యంత్రాన్ని అప్పగించి, దాన్ని నడిపే మనిషికి జీతం ఏర్పాటు చేయకపోవడం అన్యాయమని నా అభిప్రాయం.

1995లో మొదలైన సత్యసాయి తాగునీటి పథకం అనంతపురం జిల్లాలో 700 పైచిలుకు గ్రామాలకు నీరందించింది. జలాశయాల నీరు అందినచోట పటిక అవసరం తగ్గింది. ఈలోగా నల్లగొండ పద్ధతి సముద్రం దాటింది. టాంజానియాలో, ఇథియోపియా రిఫ్ట్ లోయలో అగ్నిపర్వత శిలల నుంచి ఫ్లోరైడ్ దిగే ఊళ్లలో అదే పేరుతో దాన్ని ప్రయోగించారు.